కట్ వినేదాకా

ఆ ఉదయం ఆయన వేసుకున్న పథకం చాలా చిన్నది. స్టూడియోకి వెళ్ళాలి, పటం తెచ్చుకోవాలి, భోజనం వేళకి ఇంట్లో హాలు గోడకి తగిలించేయాలి. మేకు ముందురోజే కొట్టేశాడు. ఎందుకు కొట్టారని భార్య అడిగితే క్యాలెండరు కోసమన్నాడు. క్యాలెండరుకి అంత లావు మేకెందుకని ఆవిడ మళ్ళీ అడిగితే, వచ్చే ఏడాది క్యాలెండర్లు బరువుగా వస్తాయట అన్నాడు. ఆవిడ నమ్మలేదు గాని, అప్పుడే పొయ్యి మీద పాలు పొంగడంతో విచారణ అక్కడితో ఆగింది.

"ఏమండీ, పొద్దున్నే ఎక్కడికి?" అందావిడ, ఆయన చెప్పులు వేసుకుంటుంటే.

"కళ్ళజోడు కాడ వదులైంది. బిగించుకొస్తా."

అబద్ధం ఆడేటప్పుడు ఆయన కళ్ళు ఎడమవైపుకి జారతాయి. ఆ సంగతి ఆవిడకి తెలుసు, ఆవిడకి తెలుసని ఆయనకీ తెలుసు. అందుకే వెనక్కి తిరక్కుండా మెట్లు దిగిపోయాడు.

ఆయన్ని స్టూడియోలో అందరూ కళ్ళ బాబాయ్ అనేవారు. దయ్యాల సినిమా అన్నాక పాడుబడ్డ బంగళా ఉంటుంది. బంగళా అన్నాక హాల్లో చచ్చిపోయిన యజమాని పటం ఉంటుంది. హీరోయిన్ కొవ్వొత్తి పట్టుకుని ఆ పటం ముందు నుంచి నడుస్తుంటే పటంలోని కళ్ళు ఆమె వెంట కదులుతాయి. ఆ కదిలే కళ్ళు ఈయనవి. పటం ఈయన ముఖం చూసి వేయించిందే. కోటు, మీసాలు మాత్రం కల్పితం. కళ్ళ దగ్గర రెండు బెజ్జాలు, వాటికి లోపలివైపు నుంచి జరుపుకునే చిన్న చెక్కమూతలు. గోడ వెనక పీట ఎక్కి, మూతలు జరిపి, బెజ్జాలకి కళ్ళు ఆనించి నిలబడాలి. అదీ ఆయన నటజీవితం. హీరోలు మారారు, హీరోయిన్లు మారారు, చివరికి దయ్యాలు కూడా మారాయి గాని పటం మారలేదు.

మొదట్లో ఆయన్ని తీసుకున్నది శవం వేషానికి. మెట్ల మీద పడి ఉండడమే పని. ఆ పనిలో ఆయన ఘోరంగా విఫలమయ్యాడు. షాటు మధ్యలో ఎవరో టీ కప్పుల ట్రే పట్టుకుని అటు వెళ్తే, శవం కళ్ళు ట్రే వెంట వెళ్ళాయి. దర్శకుడు ముందు బూతులు తిట్టాడు, తర్వాత ఆలోచనలో పడ్డాడు, సాయంత్రానికల్లా ఈయన్ని గోడ వెనక నిలబెట్టాడు. ఆ రోజు నుంచి ఈయన ఇంట్లో ఖాళీగా కూర్చున్నా గోడ మీద పాకే చీమని రెప్పవేయకుండా ఆ మూల నుంచి ఈ మూలదాకా సాగనంపేవాడు. మధ్యలో కుదుపు ఉండకూడదు. కుదుపు ఉంటే అది మనిషి చూపు అవుతుంది, దయ్యం చూపు అవదు.

ఒకసారి షాటు అయిపోయిందనుకుని పీట దిగేశాడు. హీరోయిన్ అప్పుడే, ఎవరూ చెప్పకుండానే, మళ్ళీ పటం వైపు తిరిగి బ్రహ్మాండంగా వణికిందట. తీరా పటంలో కళ్ళు లేవు. దర్శకుడు అరవలేదు. దగ్గరికి పిలిచి, భుజం మీద చెయ్యి వేసి, మెల్లిగా చెప్పాడు. "కట్ వినేదాకా నువ్వు మనిషివి కావు. గోడవి." అరిచి ఉంటే మర్చిపోయేవాడేమో. మెల్లిగా చెప్పడం వల్ల ఆ మాట జన్మంతా ఉండిపోయింది. ఆ తర్వాత కాలు తిమ్మిరెక్కినా, మెడ మీద దోమ కూర్చుని తాపీగా భోజనం చేసినా, కట్ వినకుండా కదిలి ఎరగడు.

భార్యతో పరిచయం కూడా ఈ కళ్ళ వల్లే. ఆవిడ దయ్యాల సినిమాల్లో హీరోయిన్లకి కేకలు పెట్టేది. మాటలు వాళ్ళవే, కేక మాత్రం ఈవిడది. చీకటి గదిలో తెర మీద రెండు కళ్ళు కదులుతుంటే మైకు ముందు నిలబడి కేక పెట్టాలి. ఆయన్ని మనిషిగా చూడకముందే ఆ కళ్ళని చూసి లెక్కలేనన్ని సార్లు కేక పెట్టింది. తర్వాత క్యాంటీన్లో ఎదురుపడితే కేక రాలేదు, నవ్వు వచ్చింది. పెళ్ళయ్యాక కూడా స్టూడియో వాళ్ళు ఆవిడని కేక పిన్ని అనే పిలిచారు.

ఇద్దరి పేర్లూ ఏ సినిమాలోనూ పడలేదు. కళ్ళు ఫలానా ఆయనవని వేస్తే భయం పోతుందని నిర్మాతలు అన్నారు. కేక ఫలానా ఆవిడదని వేస్తే మా పరువు పోతుందని హీరోయిన్లు అన్నారు. ఆవిడ పట్టించుకోలేదు. ఆయన కూడా పట్టించుకోలేదనే అందరూ అనుకున్నారు, అల్లుడు వచ్చేదాకా.

అల్లుడు ఆడిట్ ఆఫీసులో పనిచేస్తాడు. చాలా మంచివాడు, మర్యాదస్తుడు, సరిచూడనిదే దేన్నీ నమ్మడు. మామగారు తన సినిమాల గురించి చెప్పగా విని, ఎక్కడెక్కడో వెతికి, ఆ పాత సినిమాలు మూడు సంపాదించి చివరి అక్షరం దాకా చూశాడు. ఆ తర్వాత ఒక ఆదివారం ఎంతో వినయంగా "మామయ్యగారూ, మీ పేరు ఎక్కడా కనబడలేదండీ" అన్నాడు. అందులో వెటకారం లేదు. ఉంటే బావుండేది, తిరిగి ఒకటి అనేసి ఊరుకునేవాడు. ఆ రాత్రి ఆయన సరిగ్గా అన్నం తినలేదు. తను ఫలానా అని చెప్పుకోవడానికి లోకంలో ఒకే ఒక్క సాక్ష్యం ఉంది, ఆ పటం. ఇంతలో స్టూడియో మూసేస్తున్నారనీ, సామాన్లన్నీ పాత సామాన్లాయన వ్యానులోకి వెళ్తున్నాయనీ తెలిసింది. అందుకే ఈ మేకూ, ఈ అబద్ధమూ.

స్టూడియోలో సామాన్ల గది సగం ఖాళీ అయిపోయి ఉంది. విరిగిన సింహాసనాలు, దూది పొట్ట బయటపడ్డ పులి, చెక్క తుపాకులు గుమ్మం బయట పడి ఉన్నాయి. స్టోరు చూసుకునే ఆయన ఈయన్ని చూసి లేచి నిలబడి, కుర్చీ తుడిచి కూర్చోబెట్టాడు. పులిని చూడగానే కళ్ళ బాబాయికి కళ్ళు చెమర్చాయి. కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టి, రుమాలుతో తుడుచుకుని, అసలు సంగతి అడిగాడు.

"పటం ఇక్కడ లేదు బాబాయ్. గోడముక్కతో సహా షూటింగ్ ఫ్లోర్లో నిలబెట్టారు. ఎవరో కుర్ర డైరెక్టరు, మొదటి సినిమా. ఇవాళే ఆఖరి షూటింగ్. సాయంత్రం వ్యాను వస్తుంది. ఈలోపు ఆ అబ్బాయిని అడిగి తీసుకుపో."

కళ్ళ బాబాయ్ అప్పటికే లేచి నడుస్తున్నాడు. కళ్ళజోడు బల్ల మీదే ఉండిపోయింది. ఆ దారి ఆయన కాళ్ళకి కంఠతా వచ్చు కాబట్టి, జోడు లేదన్న సంగతి ఆయనకి తోచనే లేదు.

ఫ్లోర్లో ఎవరూ లేరు. అందరూ వెనక చెట్టు కింద టీ తాగుతున్నారు. మధ్యలో బంగళా హాలు సెట్టు, గోడ మీద మసగ్గా తన పటం. బోల్టులు వెనకనుంచి విప్పాలని ఆయనకి తెలుసు. చుట్టూ తిరిగి గోడ వెనక్కి వెళ్ళాడు. పాత పీట లేదు గాని లైట్లు తెచ్చిన ఖాళీ చెక్కపెట్టె ఒకటి ఉంది. దాన్ని బోర్లించి ఎక్కాడు. బోల్టు మీద చెయ్యి వేశాడు. పక్కనే చెక్కమూతలు తగిలాయి. మెత్తగా, చేతులు పడి పడి నున్నగా అయిపోయి, అలాగే ఉన్నాయి. ఒక్కసారి, ఒక్కసారే అనుకుని జరిపి కళ్ళు ఆనించాడు. చెక్క వాసన కూడా మారలేదు.

అప్పుడే లైట్లు వెలిగాయి. అడుగుల చప్పుడు, ఎవరో ఎవర్నో నిశ్శబ్దంగా ఉండమనడం, ఆ వెంటనే ఒక కుర్ర గొంతు "యాక్షన్" అంది.

ఆ మాట ఆయన చెవుల్లో పడలేదు, నేరుగా వెన్నుపూసలో పడింది. మనిషి గోడయిపోయాడు. హీరోయిన్ ఎడమవైపు నుంచి కొవ్వొత్తితో వస్తోంది. కళ్ళు వాటంతట అవే వెళ్ళి ఆ అమ్మాయిని అందుకుని, ఒక్క కుదుపు లేకుండా, నడిపించుకు వచ్చాయి.

కళ్ళని తర్వాత కంప్యూటరులో కదిలిస్తామని ఆ అమ్మాయికి ముందే చెప్పి ఉంచారు. అందుకని ఊరికే అలవాటుగా తలెత్తి చూసింది. చూపూ చూపూ కలిశాయి. నోరు తెరిచింది. కేక రాలేదు, గాలి కూడా రాలేదు. కొవ్వొత్తి జారిపోయింది. సాయం పట్టడానికి పరుగెత్తిన మేకప్ ఆవిడని పటం చూసింది. ఆవిడ ఆగితే ఆగింది, వెనక్కి తిరిగి పరుగెత్తితే గుమ్మందాకా దిగబెట్టింది. చెప్పాల్సిన ఆ ఒక్క మాటా గొంతులోనే ఉంచుకుని దర్శకుడు కూడా బయటికి పరుగెత్తాడు. కెమెరా మాత్రం స్టాండు మీద ఎర్రచుక్క వెలిగించుకుని నిక్షేపంగా తిరుగుతోంది.

కళ్ళ బాబాయికి కళ్ళజోడు లేదు కాబట్టి జనం మసకమసగ్గా పరుగెత్తడం మాత్రమే కనబడింది. సీన్లో ఉందేమో అనుకున్నాడు. బాగా చేస్తున్నారు కూడా అనుకున్నాడు. ఎర్రచుక్క స్పష్టంగానే కనబడుతోంది. అది వెలుగుతున్నంతసేపూ కదలకూడదు. ఆయన కాలంలో అయితే కాసేపటికి రీలు అయిపోయి కెమెరా దానంతట అదే ఆగేది. ఈ కొత్త కెమెరాలకి అసలు రీలే ఉండదని ఆయనకి ఎవరూ చెప్పలేదు.

బయట సంగతి వేరుగా ఉంది. స్టోరు ఆయన పరుగెత్తుకొచ్చాడు. ఆ వెనకే, ఆఖరి రోజని పనికొచ్చిన పాత లైట్‌మన్ తలుపు సందులోంచి తొంగి చూసి వెంటనే తల వెనక్కి తీసుకున్నాడు.

"అవి బాబాయ్ కళ్ళే. నాకు తెలీదూ?"

"గోడ వెనక ఎక్కాడేమో" అన్నాడు స్టోరు ఆయన.

"దేని మీద ఎక్కుతాడు? పీట విరిగిందని నువ్వే కదా పోయినేడు పొయ్యిలో పెట్టావు?"

స్టోరు ఆయన ముఖం పాలిపోయింది. నిజమే, పీట లేదు. పీట లేకుండా అంత ఎత్తుకి మనిషి కళ్ళు రావు. పైగా కళ్ళజోడు స్టోరులో బల్ల మీద ఉంది, అది లేకుండా ఆ మనిషి వీధి దాటలేడు. ఫ్లోర్లోకి వెళ్ళడం ఎవరూ చూడలేదు. ఇద్దరూ కలిసి తేల్చిందేమిటంటే, పాపం బాబాయ్ దారిలో ఎక్కడో పోయాడు, పోయి తిన్నగా తన పటంలోకి వెళ్ళాడు. గోడ వెనక్కి వెళ్ళి చూస్తే అయిపోయేది. ఆ మాట ఇద్దరికీ తోచింది. ఇద్దరూ ఒకరినొకరు వెళ్ళమన్నారు. స్టోరు ఆయన అంతకన్నా తేలికైన పని చేశాడు, ఇంటికి ఫోను చేశాడు.

ఫోను అల్లుడు ఎత్తాడు. భోజనానికి వచ్చాడు. బాబాయ్ కళ్ళజోడు స్టూడియోలో ఉందనీ, కళ్ళు పటంలో ఉన్నాయనీ, మిగతా మనిషి ఎక్కడున్నాడో తెలియడం లేదనీ స్టోరు ఆయన ఏడుస్తూ చెప్పాడు. అల్లుడు ఆ మూడు విషయాలూ వరసగా తిరిగి చెప్పి, సరిగ్గా విన్నానా అని అడిగి, అత్తగారికి చెప్పాడు. ఆవిడ స్టవ్ కట్టేసింది. గోడ మీది మేకు వైపు ఒకసారి చూసింది. అల్లుడి కన్నా ముందు మెట్లు దిగింది.

ఈలోపు పెద్దాయన ఆత్మని అలా వదిలేయడం బావుండదని స్టోరు ఆయనా లైట్‌మనూ ధైర్యం కూడగట్టుకున్నారు. మిగతా వాళ్ళని వెనకేసుకుని, చేతులు కట్టుకుని పటం ముందు నిలబడ్డారు. మంచిమాటలు చెప్పి సాగనంపుదామని వాళ్ళ ఉద్దేశం.

లైట్‌మన్ ముందు మాట్లాడాడు. తను పనిలో చేరిన కొత్తలో పైనుంచి జారి చెయ్యి విరగ్గొట్టుకుంటే, బాబాయ్ గోడ వెనకనుంచి వచ్చి ఆసుపత్రిదాకా మోసుకెళ్ళాడని చెప్పాడు. ఈ స్టూడియోలో ఇన్ని లైట్లు పెట్టాను గాని ఆ రెండు కళ్ళ మీద పెట్టిన లైటంత బాగా ఏదీ పెట్టలేదన్నాడు. స్టోరు ఆయన, ఏ సినిమా వాళ్ళు ఏ పటం అడిగినా తను ఈ పటమే తీసిచ్చేవాడిననీ, బాబాయికి పని దొరుకుతుందనే అలా చేశాననీ, ఈ మాట ఎప్పుడూ ఆయనకి చెప్పలేదనీ అన్నాడు. మేకప్ ఆవిడ ఏం చెప్పాలో తెలియక, బాబాయ్ ముఖానికి ఒక్కసారి కూడా మేకప్ వేసే భాగ్యం కలగలేదని ఏడ్చింది. దర్శకుడు, తను చిన్నప్పుడు ఆ కళ్ళని చూసి నెల్లాళ్ళు వాళ్ళమ్మ దగ్గర పడుకున్నాననీ, దయ్యాల సినిమా తియ్యాలని అప్పుడే అనుకున్నాననీ చెప్పాడు.

ఇవన్నీ బతికుండగా వినే అదృష్టం ఎవరికి దక్కుతుంది? కళ్ళ బాబాయికి అంతా బోధపడింది. అరిచి చెబుదామనుకున్నాడు. పెదవుల దాకా వచ్చింది. కాని ఎర్రచుక్క వెలుగుతూనే ఉంది. గోడ మాట్లాడదు. నోరు మూసుకోగలిగాడు గాని కళ్ళు మూసుకోలేకపోయాడు. పటంలోంచి రెండు చుక్కలు జారి, రంగుమీసాల మీదుగా కోటు మీద పడ్డాయి.

సాయంత్రం రావలసిన వ్యాను సరిగ్గా ఆ సమయానికే వచ్చేసింది. పాత సామాన్లాయన తాడు పట్టుకుని లోపలికొచ్చి, పటాన్ని చూశాడు. పటం కూడా ఆయన్ని చూసింది. ఆయన తాడు చుట్టుకుంటూ, పులినీ సింహాసనాలనీ తీసుకెళ్తానుగాని ఏడ్చే సామాను తమ వ్యాపారంలో లేదని చెప్పి వెళ్ళిపోయాడు.

కేక పిన్ని గుమ్మంలో కనబడగానే అందరూ తప్పుకున్నారు. ఆవిడ కేక ఎలాంటిదో తెలిసిన లైట్‌మన్ ముందుజాగ్రత్తగా చెవులు మూసుకున్నాడు. ఆవిడ కేక పెట్టలేదు. సెట్టులోకి నడిచి వచ్చింది. పటంలోని కళ్ళు గుమ్మం దగ్గర ఆవిడని అందుకుని, ఆవిడతోపాటు నడిచి, ఆవిడ ఆగిన చోట ఆగాయి. ఆవిడ ఒక్కడుగు ఎడమకి వేసింది, అవీ వేశాయి. వెనకనుంచి అల్లుడు మెల్లిగా, పటాలకి కన్నీళ్ళు రావడం మామూలేనా అండీ అత్తయ్యగారూ అని అడిగాడు. ఆవిడ వెనక్కి తిరిగి కెమెరా మీది ఎర్రచుక్కని చూసింది.

"కట్" అంది.

పటం కళ్ళు మూసుకుంది. గోడ వెనక ఏదో కూలిన చప్పుడైంది. కాసేపటికి కళ్ళ బాబాయ్ మోకాళ్ళు పట్టుకుని, దుమ్ము కొట్టుకుపోయి, గోడ పక్కనుంచి వచ్చాడు.

"ఇంతమంది ఉన్నారు. ఇంత బాగా మాట్లాడారు. ఒక్కరికీ ఆ ఒక్క మాటా తోచలేదా?" అన్నాడు.

స్టోరు ఆయన ఆయన్ని కావలించుకుని మళ్ళీ ఏడ్చాడు. భార్య మాత్రం దూరంగానే నిలబడి, కళ్ళు తుడుచుకుని, "కళ్ళజోడు బిగించడం అయిందా?" అని అడిగింది.

దర్శకుడు ఇదేమీ వినడం లేదు. కెమెరా దగ్గర కూర్చుని, అందులో పడినదంతా చూస్తున్నాడు. చూస్తూనే కంప్యూటరు మనిషికి ఫోను చేసి, కళ్ళు అక్కర్లేదని చెప్పేశాడు. తర్వాత వచ్చి, మీకేం కావాలో చెప్పండి సార్ అన్నాడు. పటం ఎలాగూ ఎవరికీ వద్దు, అది దొరికిపోయింది. రెండోది అడగడానికి ఆయనకి నోరు రాలేదు. అల్లుడి వైపు చూసి తల దించుకున్నాడు. ఆ చూపు ఆవిడకి అర్థమైంది.

"ఆయన పేరు వెయ్యండి బాబూ. ఆఖర్న అయినా సరే" అంది.

దర్శకుడు వేస్తానన్నాడు. కాకపోతే తనకొక కష్టం ఉందన్నాడు. హీరోయిన్ నిజంగా భయపడడంతో కేకే రాలేదు, ఇప్పుడు అలాంటి కేక ఎక్కడ తెచ్చేది? లైట్‌మన్ మళ్ళీ చెవులు మూసుకున్నాడు. మైకు తెచ్చి పెట్టారు. ఆవిడ కొంగు సర్దుకుని, భర్త కళ్ళలోకి ఒకసారి చూసి, కేక పెట్టింది. కప్పులో గూళ్ళు కట్టుకున్న పావురాలన్నీ ఒక్కసారి లేచిపోయాయి. సౌండు చూసే అబ్బాయి కుర్చీతో సహా వెనక్కి పడ్డాడు. చాలా రోజులైంది కదా, గొంతు సరిగ్గా రాలేదని ఆవిడ నొచ్చుకుంది.

సినిమా విడుదలైన రోజు ముగ్గురూ వెళ్ళారు. కళ్ళ బాబాయ్ కళ్ళజోడు జేబులో ఉందో లేదో దారిపొడుగునా తడుముకుంటూనే ఉన్నాడు. పటం సీను వచ్చినప్పుడు వెనక వరసలో ఎవరో తిట్టుకుంటూ పాప్‌కార్న్ పారబోసుకున్నారు. ఆయనకి ప్రాణం లేచొచ్చింది. సినిమా అయిపోయింది. పేర్లు పడడం మొదలైంది, జనం లేవడమూ మొదలైంది. అల్లుడు కదల్లేదు. పేర్లు ఏవో తరుముకొస్తున్నట్టు పైకి పారిపోతున్నాయి. కెమెరా వాళ్ళు పోయారు, కుట్టుపని వాళ్ళు పోయారు, క్యాంటీను వాళ్ళు కూడా పోయారు. ఆయన ముందుకి వంగి కళ్ళజోడు సరిచేసుకున్నాడు.

"కళ్ళు" అని వచ్చింది. పక్కన ఆయన పేరు. ముందు ఆవిడ చూసింది.

ఏ హీరోయిన్ కోసమూ ఆవిడ అలాంటి కేక పెట్టలేదు. అది భయంతో వచ్చింది కాదు, ఇన్నేళ్ళ సంతోషం ఒక్కసారి గొంతులోంచి దారి చేసుకుంది. కాని హాల్లో జనానికి ఆ తేడా ఎలా తెలుస్తుంది? గుమ్మాల దగ్గరికి చేరినవాళ్ళు బయటికి ఉరికారు. ఇంకా సీట్లలో ఉన్నవాళ్ళు సీట్ల మీదనుంచి దూకారు. పైన మిషను గదిలో ఉన్నాయన ఎవరికో ఏదో అయిందనుకుని, బొమ్మ ఆపేసి కిందికి పరుగెత్తాడు. ఉలికిపాటులో కళ్ళ బాబాయ్ కళ్ళజోడు ఎగిరి సీటు కింద పడింది.

అల్లుడు వంగి వెతికి, చొక్కా అంచుతో తుడిచి, మామగారికి అందించాడు. ఆయన పెట్టుకుని తలెత్తాడు. పేరు వెళ్ళిపోయి ఉంటుందనే అనుకున్నాడు. వెళ్ళలేదు. ఆపేసిన బొమ్మ ఆపిన చోటే ఉంది. తెర నడిమధ్యలో, పారిపోకుండా, ఆయన పేరు నిలబడి ఉంది. ఆయన చదివాడు. మళ్ళీ మొదటినుంచి చదివాడు. అల్లుడు కూడా నిలబడి, అక్షరం అక్షరం సరిచూసుకుని, "ఉందండీ మామయ్యగారూ" అన్నాడు.

ఆవిడ సిగ్గుతో కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, అందరూ వెళ్ళిపోయారు, ఇక పదండి, ఎవరైనా వచ్చి తిడతారు అని ఆయన చెయ్యి లాగింది.

ఆయన సీట్లో వెనక్కి వాలి, కాళ్ళు చాపుకున్నాడు.

"కూర్చోవే. ఇంకా ఎవరూ కట్ చెప్పలేదు."